ముప్పై మస్టర్లు

7 ఏప్రిల్ 2025, సోమవారం

ఏప్రిల్ ముప్పై, 1994, శనివారం. పెద్దపల్లి రిజిస్ట్రారు ఆఫీసు ముందు, పొద్దున పదింటి నుంచి గేటు మూసేదాకా నిలబడ్డాను. రాజం రాలేదు.

ప్రతి కొత్త డైరీలోనూ మొదట ఇదే రాస్తాను. కొందరు ప్రార్థన రాసుకుంటారు.

ఆ ఏడు కాముని పున్నం ఆదివారం పడింది. గనిలో నాతోపాటు పనిచేసే రాజం ఒళ్లంతా రంగుతో మా క్వార్టరుకు వచ్చి, నూట యాభై గజాల జాగ నాకు అమ్మినట్టు తెల్లకాగితం మీద సంతకం పెట్టాడు. "బావా, ముప్పై దినాలల్ల రిజిస్ట్రి చేసిస్త. ఆఫీసు కాడనే కలుద్దాం. నా మాట మీద నమ్మకం లేదా?" అన్నాడు. కాగితం మూలన అతని బొటనవేలి గులాల్ ఇప్పటికీ ఉంది. మరుసటి వారమే అతన్ని రామకృష్ణాపూర్ గనికి మార్చారు, ఇంటిల్లిపాదీ వెళ్లి వానాకాలానికిగాని తిరిగి రాలేదు. నేను మాత్రం లెక్క తప్పకుండా ముప్పయ్యో దినాన పోయాను.

తర్వాత ఆ జాగలో ఇల్లు కట్టాను. అతను ఏమీ అనలేదు. నేనూ ఏమీ అడగలేదు. 2016లో పోయాడు. మూడేళ్లకు అతని కొడుకు ఉపేందర్ దావా వేశాడు, జాగ మా నాయనదని. మొన్న ఫిబ్రవరి 18న కింది కోర్టు వాడి పక్షాన తీర్పు చెప్పింది. రిజిస్ట్రేషన్ లేని తెల్లకాగితం చెల్లదట. మూడు నెలల్లో ఇల్లు ఖాళీ చెయ్యాలట.

అప్పీలుకు ముప్పై రోజులు. నకలు కోసం పట్టిన రోజులు పోను, అది చేతికి వచ్చిన మార్చి పది నుంచి లెక్క. ఈ రోజుతో ఇరవై నాలుగు. తొందర లేదు.

అప్పీలు కారణాలు నేనే రాస్తున్నాను. ఇరవై తొమ్మిది పేజీలయ్యాయి. మా వకీలు ఎడ్వర్డ్ రాస్తే వాక్యానికి కర్త ఉండదు, కర్మ మాత్రం నాకు మిగులుతుంది. వాళ్ల నాన్న మా చర్చి పెద్ద. ఎడ్వర్డ్ నా దగ్గర తీసుకుపోయిన రష్యా నవలలు పదకొండు, ఇప్పటికీ తిరిగి రాలేదు.

8 ఏప్రిల్

ఎడ్వర్డ్ రెండుసార్లు ఫోన్ చేశాడు. రాసేటప్పుడు నేను ఫోన్ ఎత్తను.

9 ఏప్రిల్, బుధవారం

పొద్దుటి నుంచి ఫోన్ మోగుతూనే ఉంది. చివరికి నా భార్య యేసమ్మ ఎత్తింది.

"ఏమయ్యా, ఎడ్వర్డ్ ఫోన్. కాక ఇయ్యాలనే రావాలె అంటున్నడు."

"ఇంకా నాలుగున్నయని చెప్పు."

"మస్తు టైముందట బిడ్డా," అని చెప్పి పెట్టేసింది. ఆమె మోకాళ్లకు నూనె రాసుకుంటూ ఉండింది. ఫోను కూడా జిడ్డయింది.

ముప్పై ఆరు పేజీలు. కింది కోర్టు తీర్పులో ఒకే పేరాలో 'కావున' ఏడుసార్లు వచ్చింది. దాని మీద విడిగా ఒక పేజీ రాశాను.

15 ఏప్రిల్, మంగళవారం

నలభై ఒక్క పేజీలు, కుట్టి, అట్ట వేసి తీసుకుపోయాను. ఎడ్వర్డ్ అట్ట కూడా తెరవలేదు.

"కాకా, తొమ్మిదో తారీఖుతోనే అయిపోయింది."

"నిన్న సెలవు. మొన్న ఆదివారం. అటుమొన్న రెండో శనివారం. ఆఖరి దినం సెలవైతే తెరిచిన రోజు వెయ్యచ్చని నాకు తెల్వదనుకున్నవా?"

"ఆఖరి దినం నిన్న కాదు కాకా. తొమ్మిది. బుధవారం. కోర్టు నడిచింది. నేను ఆ రెండు దినాలల్ల తొమ్మిది సార్లు ఫోన్ చేసిన. అవ్వ ఎత్తి మస్తు టైముందన్నది."

అతని వెనక గోడకు క్యాలెండరు ఉంది. దాన్ని చూశాను. చాలాసేపు చూశాను.

"ఆరు దినాలే గద, ఫికర్ చెయ్యకు," అన్నాడు. "ఆలస్యం మాఫీ చెయ్యుమని పిటిషన్ వేద్దాం. జ్వరమొచ్చిందని రాస్త. దవాఖాన కాగితం ఒకటి తెద్దాం. ఆరు దినాలకు ఏ జడ్జీ కాదనడు."

"నాకు జ్వరం రాలేదు."

"మరి ఏమైందని రాయాలె?"

"వకీలు నిర్లక్ష్యమని రాయి."

అతను నవ్వాడు. పక్కన టైపు చేస్తున్న పిల్ల కూడా నవ్వింది. నా కట్ట నేను తీసుకుని వచ్చేశాను.

ఎడ్వర్డ్ గడువు తప్పించాడు.

16 ఏప్రిల్

ఎడ్వర్డ్ గడువు తప్పించాడు.

17 ఏప్రిల్

గోడమీది చర్చి క్యాలెండరులో ఏప్రిల్ పేజీ చించేశాను. మార్చి పేజీ కూడా. నెల కాకముందే ఎందుకని యేసమ్మ అడిగింది. మే నెల బొమ్మ బాగుందన్నాను. మే నెల బొమ్మ గొర్రెలు.

20 ఏప్రిల్, ఈస్టరు

గుడి మెట్ల మీద ఎడ్వర్డ్ ఎదురయ్యాడు. అందరూ వింటుండగా, "కాకా, ఎప్పుడు వస్తవు సంతకం పెట్ట? జల్ది రావాలె, రోజులు పెరుగుతయి," అన్నాడు. లోపలికి పోయి కూర్చున్నాను. సమాధులు తెరుచుకోవడం గురించి పాస్టరు గంటసేపు చెప్పాడు. తెరుచుకోనివి కూడా ఉంటాయని ఆయనకు తెలియదు.

అబద్ధపు జ్వరం నేను రాయను. ముప్పై నాలుగేళ్లు గనిలో మస్టర్ గుమాస్తాగా చేశాను. ఒక్క మనిషికి ఒక్క రోజు ఎక్కువ వెయ్యలేదు, తక్కువ వెయ్యలేదు. యూనియన్ లీడర్లు బతిమాలారు, బెదిరించారు. గనిలో నాకు స్నేహితులు లేకపోవడానికి కారణం అదే, ఇంకేదీ కాదు. అలాంటివాణ్ణి, దినాల లెక్కలో, ఈ వయసులో దొంగ కాగితం పెట్టమంటాడు.

మరి ఏమైందని రాయాలె, అన్నాడు.

2 మే

కోర్టులకు వేసవి సెలవులు. ఇక నెలరోజులు ఎవరు ఏం చేసినా ఒకటే. ఊపిరి ఆడింది.

9 మే

ఊపిరి ఆడడం లేదు. రేడియోలో రామగుండం నలభై ఆరు అన్నారు. కరెంటు పుట్టే ఊరిలో కరెంటు లేదు. ముందు గదిలో నేను, వెనక గదిలో యేసమ్మ, మధ్యలో తలుపు. ఆమె ఏమీ అడగదు. అడగకపోవడాన్ని కూడా చప్పుడుతో చేసే మనిషి.

18 మే

మూడు నెలలు నిండాయి. ఆదివారం కనుక లెక్కలోకి రాదు.

11 జూన్

కోర్టు ఆమీను నోటీసు తెచ్చాడు. ఇల్లు స్వాధీనం చేయించమని ఉపేందర్ అమలు పిటిషన్ వేశాడు. వాడు గల్లీ మొదట్లో బండి మీదే కూర్చున్నాడు. నేనే పోయాను.

"లోపటికి రావొచ్చు గదరా. నీ ఇల్లే అంటివి గద."

"మామా, ఎక్కిరిస్తే ఏమొస్తది? నేను నిన్ను రోడ్డు మీద పడేస్తనన్ననా? ఇంక రెండు నెలలు తీస్కో. వర్షాలు తగ్గినంక పో."

"మీ నాయన మాట తప్పిండు. నువ్వు ఆ తప్పును సర్వే నంబరుతో సహా వారసత్వంగ తీసుకున్నవు."

వాడి ముఖం మారింది. "మా నాయన మాట తప్పలే. ఆయన పోయేదాక ఒక్కటే అన్నడు. మీ మామ రాలేదురా, అన్నడు."

"అబద్ధం."

"మరి మా అవ్వనడుగు," అని బండి తిప్పుకుని పోయాడు.

అలాంటి అబద్ధం చచ్చిపోయేవాడు ఎందుకు చెప్తాడు? రాజం చివరిదాకా మాటకారి. అంతే.

13 జూన్

సుజిత బడి తెరిచారు. పిల్లలకు అట్టలు వెయ్యడానికి పాత కాగితాలు వెతుకుతూ నా పెట్టె తెరిచింది. మా ఒక్కతే బిడ్డ. నలభై రెండేళ్లు. లెక్కల టీచరు. ఆమె చేతిలో మార్చి, ఏప్రిల్ పేజీలు.

ముందు గదిలోకి వచ్చి నా ఎదుట బల్ల మీద పరిచింది. మార్చి పదకొండు నుంచి పెన్సిలుతో నేను వేసిన అంకెలు. ఒకటి, రెండు, మూడు. పదహారో తారీఖు ఎర్ర గడి ఖాళీ. ఇరవై మూడు ఖాళీ. ముప్పై ఖాళీ. ఏప్రిల్ పద్నాలుగు మీద ముప్పై, చుట్టూ సున్నా.

"బాపూ, ఇతవారాలు ఎందుకు ఇడిసిపెట్టినవు?"

"ప్లేడే."

"ఏంది?"

"బొగ్గుబాయి సెలవు. ప్లేడే నాడు మస్టర్ పడది."

ఆమె నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండేది. "కోర్టుల మస్టర్ ఉంటదా బాపూ?" అంది మెల్లగా. మూడో తరగతి పిల్లవాణ్ణి అడిగినట్టు.

వెనక గదిలోంచి యేసమ్మ. "నేను పెండ్లయిన కాడి నుంచి చెప్తున్న. ఈయన క్యాలెండర్ల వారానికి ఆరు దినాలే. నేను కడుపుతోనున్నప్పుడు కూడ గట్లనే లెక్కవెట్టిండు. నువ్వు పుట్టిననాడు ఇంకా నెల ఉన్నదని డ్యూటీకి పోయిండు."

"నువ్వు నోరు ముయ్యి."

"ముప్పై ఏండ్లు మూసిన. ఇల్లు పోతున్నది, ఇంకెప్పుడు తెరవాలె?"

సుజిత పేజీలు మడిచి నా చేతికిచ్చింది. "తొమ్మిది నాడు ఫోన్ వచ్చింది. అవ్వకు నువ్వే చెప్పినవు, నాలుగున్నయని. ఎడ్వర్డన్న తప్పు ఏమున్నది?" అంది.

ఉంది. ఎన్ని రోజులు అన్నవాడు ఎలాంటి రోజులో కూడా చెప్పాలి. రాసుకుంటున్నాను, ఇది నిజమే.

14 జూన్

నిజం కాదు.

22 జూన్, ఆదివారం

గుడికి పోతున్నానని చెప్పి లస్మవ్వ దగ్గరికి పోయాను. రాజం భార్య. వాళ్ల ఇల్లు మాకు రెండు గల్లీల అవతల. ముప్పై ఒక్క ఏళ్లలో ఆ గడప తొక్కలేదు, రాజం పోయిన రోజు తప్ప. ఆ రోజు కూడా బయటే నిలబడ్డాను.

ఉపేందర్ ఇంట్లో లేడు. ఆమె అరుగు మీద చింతపండు గింజలు తీస్తోంది.

"రా అన్నా. తొవ్వ మర్లినవా?" అంది.

"అడగనీకి వచ్చిన చెల్లె. మీ ఆయన ఎందుకు రాలేదు?"

ఆమె చేయి ఆగింది. "ఎక్కడికి?"

"రిజిస్ట్రారు ఆఫీసుకు."

లస్మవ్వ చేతులు కొంగుకు తుడుచుకుంది. తర్వాత లేచి లోపలికి పోయింది. సందుగ మూత చప్పుడు. చాలాసేపు తర్వాత ప్లాస్టిక్ కవరు తెచ్చి నా ఒడిలో పెట్టింది. అందులో ఒక స్టాంపు కాగితం. ముందు వైపు ఒక్క అక్షరం లేదు. వెనక స్టాంపులు అమ్మేవాడి చేతిరాత. తారీఖు 26-4-94. కొన్నది రాజం, తండ్రి కొమురెల్లి. ఎవరి కొరకు అన్నచోట, నా పేరు, యిర్మియా.

"ఆయన నాగా వెట్టి పోయిండన్నా. కాముని పున్నం నుంచి ముప్పై దినాలు నేనే లెక్కవెట్టి చెప్పిన. పొద్దంత ఆ ఆఫీసు ముంగట కూసున్నడు. సద్ది కట్టిచ్చిన, తినలే. బావ అచ్చినంక ఇద్దరం తింటమన్నడు. మాపటికి గిన్నె గట్లనే మర్ల తెచ్చిండు. పులిసిపోయింది."

అక్కడే, ఆమె అరుగు మీదే, వేళ్ల మీద లెక్కపెట్టాను. మార్చి ఇరవై ఎనిమిది ఒకటి. ఈసారి ఆదివారాలు కలిపాను. ఏప్రిల్ ఇరవై ఆరు ముప్పై.

నేను పోయింది నాలుగు రోజుల తర్వాత. మస్టర్ల లెక్కన ముప్పయ్యో రోజు.

"మరి తర్వాత నన్ను అడగొచ్చు గద?"

"ఆయనంతట ఆయన అడుగుతడా? జాగ పైసలు మొత్తం ఇచ్చినంక రాలేదంటే, తెల్లకాగితమే చాలనుకున్నడేమో, నన్ను నమ్మిండేమో అనేటోడు. కోపమొచ్చిననాడు, నేనంటే లెక్కలేదు అనేటోడు. నువ్వు ఇల్లు కట్టంగ చూసుకుంట పోయిండు, ఒక్క మాట అనలే. నువ్వన్న అడిగినవా?"

"ఇది కోర్టులో ఎందుకు చూపించలేదు?"

"నన్నెవలు పిలిచిన్రు? ఎవలడిగిన్రు?" గింజ ఒకటి తీసి పక్కన వేసింది. "తీస్కపో. కొడుకు తిడితే తిట్టనీ. నేను సచ్చిపోయినంక దాని సంగతి ఎవలు అడుగుతరు?"

తీసుకుని వస్తుంటే వెనక నుంచి అంది: "అన్నా, ఛాయ్ తాగి పో." ఆగలేదు. ఎందుకు ఆగలేదో తెలియదు.

23 జూన్

ఎడ్వర్డ్ ఆ కాగితాన్ని వెలుతురుకు పట్టి చూశాడు. "కాకా, ఇది కింది కోర్టుల ఉండుంటే! రాజం నీ పేరు మీదనే రిజిస్ట్రికి తయారున్నడని దీనితోని గట్టిగ చెప్పొచ్చు. అప్పీలు తీసుకుంటే కొత్త సాక్ష్యంగ పెడుదాం. లస్మవ్వను పిలిపిద్దాం. కని ముందుగాల ఆలస్యం మాఫీ కావాలె. ఇప్పుడు ఆరు దినాలు కాదు."

"ఎన్ని?"

"వచ్చే సోమవారం వేస్తే ఎనభై రెండు."

ఎనభై రెండు రోజులకు సరిపోయే జబ్బు ఏదైనా ఉందా అని ఇద్దరం కాసేపు ఆలోచించాం. అతను కామెర్లు అన్నాడు. ఒక్క క్షణం నేను కామెర్ల వైపు చూశాను. రాసుకుంటున్నాను, చూశాను.

"నేనే రాస్త," అన్నాను.

30 జూన్, సోమవారం

ప్రమాణపత్రం దాఖలైంది. నలభై ఒక్క పేజీలు రాసిన చేతితో రాశాను. ఒకటిన్నర పేజీ వచ్చింది.

'నేను గనిలో ముప్పై నాలుగేళ్లు మస్టర్ గుమాస్తాను. గనిలో పని జరిగిన రోజే రోజు. ఆదివారం లెక్కకు రాదు. ఆ అలవాటున ముప్పై రోజులను ముప్పై మస్టర్లుగా లెక్కించాను. నా వకీలు గడువు ముందే ఫోన్ చేశాడు, నేను వినలేదు. ఇది మొదటి ఆరు రోజుల సంగతి. మిగిలిన డెబ్బై ఆరు రోజులు, నేను లెక్క తప్పానని ఒప్పుకోవడానికి పట్టాయి.'

ఎడ్వర్డ్ రెండుసార్లు చదివాడు. "ఆఖరి వాక్యం తీసేద్దాం కాకా," అన్నాడు.

"కర్త ఉంది, కర్మ ఉంది. ఉండనీ."

12 జులై

యేసమ్మ ఈ రోజు గోడకు సున్నం వేయించాలని అంది. ఎవరి గోడకు, అన్నాను. ఎవరిదైతేంది, మరక కనిపిస్తున్నది, అంది.

5 ఆగస్టు, మంగళవారం

పెద్దపల్లి. జిల్లా కోర్టు. మా కేసు పదకొండున్నరకు పిలిచారు. ఉపేందర్ వెనక బెంచీలో ఉన్నాడు. నన్ను చూసి లేచి జాగ ఇవ్వబోయాడు. నిలబడే ఉన్నాను.

జడ్జి గారు ప్రమాణపత్రం చదివి కళ్లద్దాలు తీశారు. చిన్న వయసు. "పెద్దాయనా, ముప్పై మస్టర్లు అంటే ఏమిటి?"

నేను నోరు తెరిచేలోపే కింద కూర్చున్న కోర్టు గుమాస్తా లేచింది. "సార్, మా నాయన గూడ బొగ్గుబాయిల పనిచేసిండు. గట్లనే లెక్కవెడుతుండె. ఆదివారం హాజరు పడది." కోర్టు హాలు నవ్వింది. జడ్జి గారూ కొంచెం నవ్వారు. ఆ నవ్వులో దయ ఉంది. డెబ్బై నాలుగేళ్ల వయసులో నా మీద ఒక గది నిండా మనుషులు దయ చూపడం అదే మొదటిసారి. తట్టుకోవడం కష్టమైంది.

"ఆరు రోజులు అర్థమయింది," అన్నారు. "డెబ్బై ఆరు?"

ఎడ్వర్డ్ లేచాడు. చెయ్యెత్తి ఆపి నన్నే చెప్పమన్నారు.

"సిగ్గు, సార్."

ఈసారి ఎవరూ నవ్వలేదు. తీర్పుకు పందొమ్మిదో తారీఖు వేశారు.

19 ఆగస్టు

కొట్టేశారు.

మొదటి ఆరు రోజులు మన్నించదగినవేనట. అవి మాత్రమే అయి ఉంటే మన్నించేవారట. తక్కిన డెబ్బై ఆరు రోజులకు దరఖాస్తుదారు నిజాయితీగా చెప్పిన కారణం చట్టం దృష్టిలో తగిన కారణం కాదట. 'కావున' ఒక్కసారే వాడారు. మంచి తీర్పు. నేను రాసినా ఇలాగే రాసేవాణ్ణి.

స్టాంపు కాగితం కవరులోంచి బయటికే రాలేదు. అప్పీలే లేనప్పుడు దాని సాక్ష్యం ఎవరు చూస్తారు.

మెట్ల మీద ఎడ్వర్డ్ నా చేయి పట్టుకున్నాడు. "హైకోర్టుకు తొంభై దినాలున్నది కాకా." ఒక మెట్టు దిగి, "ఇతవారాలు కలిపి," అన్నాడు. నవ్వొచ్చింది. వాడి మీద నాకు కోపం లేదు. ఇది రాయడానికి నాలుగు నెలలు పట్టింది. నవలలు పదకొండు మాత్రం తేవాలి.

కానీ స్టే లేదు. ఆమీను ఇరవై తొమ్మిదిన వస్తాడు.

24 ఆగస్టు, ఆదివారం

సుజిత బడికి దగ్గరలో రెండు గదులు చూసింది. పుస్తకాలు మూటలు కడుతున్నాను. యేసమ్మ ఉతికిన కర్టెన్లు మళ్లీ అవే కిటికీలకు తగిలించింది. శుక్రవారం దాకా మన కిటికీలే, అంది.

మధ్యాహ్నం ఉపేందర్ వచ్చాడు. గడప బయటే నిలబడి, సామాన్లకు ట్రాలీ పంపిస్తనన్నాడు. పంపమన్నాను. పోతూ, "మామా, ఆ కాగితం నేను చూడలే. అవ్వ అంతకుముందు చూపలే. చూస్తే దావా వేద్దునో లేదో నాకు తెల్వది," అన్నాడు. అబద్ధం చెప్పలేదు. తెలియదన్నాడు. తండ్రి నాతో అంత మాట కూడా అనలేకపోయాడు.

గులాల్ మరక ఉన్న తెల్లకాగితం, ఖాళీ స్టాంపు కాగితం, రెంటినీ ఒకే కవరులో పెట్టాను. ఒకదాని మీద రాత ఉంది, విలువ లేదు. రెండోదానికి విలువ ఉంది, రాత లేదు.

లెక్క తప్పింది నేను. రెండుసార్లు తప్పాను. ప్రమాణం చేసి కోర్టుకే చెప్పాను, డైరీకి చెప్పడానికి ఏముంది. అయినా ఒకటి మిగిలింది. అతను ఒకరోజు కూర్చున్నాడు, నేను ఒకరోజు నిలబడ్డాను. తర్వాత ఇరవై రెండేళ్లు ఒకే డెయిరీ ముందు పాల కోసం వరుసలో నిలబడ్డాం, ముందొకరు, వెనకొకరు. నేను అడగలేదు. నాకు అడగడం చేతకాదని గని మొత్తానికి తెలుసు. అతనికి చేతనవును. బాయి దిగేముందు ప్రతి మనిషినీ భుజం తట్టి మంచిగున్నవా అని అడిగేవాడు. బొగ్గు టబ్బులు తోసే ట్రామర్లను అడిగేవాడు, మేనేజర్లను అడిగేవాడు, గేటు దగ్గర కుక్కను కూడా అడిగేవాడు. మన మధ్య నాలుగు ఆదివారాలు ఉన్నాయి, అంతే. బావా, ఎందుకు రాలే, అని ఒక్కమాట అడిగి ఉంటే, అక్కడే, పాల గిన్నెలు చేతిలో ఉండగానే, ఇద్దరం వేళ్లు మడిచి లెక్క చూసుకునేవాళ్లం.

ఎందుకు అడగలేదు నువ్వు, రాజం.